పాత కారుకు కొత్త అడుగు రేకు

అంబాసిడర్ కార్ల తయారీ 2014లో ఆగిపోయింది. అయినా వాటిని అపురూపంగా చూసుకునేవాళ్లు ఇంకా ఉన్నారు. ఆ కారుకు పెద్ద శత్రువు తుప్పు. వాన నీళ్లు మ్యాట్ కింద చేరి ఆరకపోతే, కాళ్లు పెట్టుకునే చోట రేకును తుప్పు తినేస్తుంది. స్క్రూడ్రైవర్‌తో పొడిచి చూడండి. పొరలు పొరలుగా రాలి కింద నేల కనిపిస్తే, రేకు మార్చక తప్పదు.

అంబాసిడర్‌కు విడిగా ఛాసిస్ ఉండదు, బాడీయే బరువు మోస్తుంది. అందుకే పాత రేకు కోసేముందు కారును స్టాండ్ల మీద సమంగా నిలబెట్టి, తలుపుల చట్రాల్లో అడ్డంగా ఇనుప కడ్డీలు బిగించాలి. లేదంటే బాడీ వంగి, తర్వాత తలుపులు సరిగా పడవు.

బ్యాటరీ తీసేయండి. పెట్రోలు ట్యాంకు, సీట్లు, వైర్లు తప్పించండి. పాత రేకు కోశాక, మిగిలిన అంచులకు తళతళలాడేదాకా గ్రైండర్ పట్టండి, తుప్పు మీద వెల్డింగ్ నిలవదు.

కొత్త రేకు సుమారు 1 మిల్లీమీటరు మందం చాలు. దీనికి మిగ్ వెల్డింగ్ మేలు. ఏకధాటిగా లాగితే వేడికి రేకు అప్పడంలా వంకరపోతుంది. ఇక్కడొక చుక్క, దూరంగా ఇంకో చుక్క వేసి, చల్లారాక మధ్య ఖాళీలు నింపుకుంటూ రావాలి. జింకు పూత రేకైతే అంచుల్లో ఆ పూత గీకేయండి. దాని పొగ పీలిస్తే జ్వరం వస్తుంది.

చివరగా ప్రైమర్, అతుకులకు సీలర్, అడుగున తుప్పు పట్టనివ్వని పూత. నీళ్లు పోయే రంధ్రాలు మాత్రం మూయకండి. పని ముగిశాక కూడా కాసేపు అక్కడే ఉండండి. నిప్పురవ్వ ఎక్కడ దాగిందో చెప్పలేం.