బదిలీ ఉత్తర్వు – కోర్టు తలుపు

(కంభంలో పెన్షనర్ల సమావేశమున చేసిన ప్రసంగ పాఠము)



నేను పోలీసు శాఖ కార్యాలయంలో గుమాస్తాగా చేరి పదవీ విరమణ చేసినవాడిని. లాఠీ పట్టలేదు గాని, లాఠీ పట్టినవారి బదిలీ ఫైళ్లు చాలాకాలం చూశాను. మన బదిలీల రోజులు అయిపోయినవి. కాని మన ఇళ్లలో కొడుకులు, కోడళ్లు, అల్లుళ్లు ఇంకా ఉద్యోగాల్లో ఉన్నారు. "ఆర్డరు వచ్చింది నాన్నా, కోర్టుకు పోదామా?" అని వారడిగితే మనమేమి చెప్పాలన్నదే ఈనాటి నా విషయం.

ముందుగా మన ప్రాంతం సంగతి. కంభం, గిద్దలూరు, మార్కాపురం 1970 వరకు కర్నూలు జిల్లాలోనివే. ఆ ఏడు ఒంగోలు కేంద్రంగా ఏర్పడిన కొత్త జిల్లాలో కలిసినవి. 1975లో రాష్ట్రపతి ఉత్తర్వు వచ్చేసరికి కర్నూలు నాలుగవ జోన్‌లోను, మనం గుంటూరు, నెల్లూరు జిల్లాలతోపాటు మూడవ జోన్‌లోను పడ్డాము. ఆ లెక్కన గిద్దలూరు సబ్ ఇన్‌స్పెక్టరును దూరాన ఉన్న తడకు పంపవచ్చు గాని, నల్లమల దాటితే వచ్చే నంద్యాలకు మామూలుగా పంపరాదు. కానిస్టేబుళ్లది జిల్లా కేడరు. ఇటువంటి గీత దాటిన ఆర్డరును కోర్టులో నిలదీయవచ్చును.

గీత లోపలి బదిలీ మాటేమిటి? బదిలీ సర్వీసులో ఒక భాగమన్నది సుప్రీంకోర్టు ఎన్నోసార్లు చెప్పిన మాట. చట్టబద్ధమైన నిబంధనను ఉల్లంఘించినా, దురుద్దేశంతో చేసినా తప్ప కోర్టులు కలుగజేసుకోరాదని 1990లో శిల్పీ బోస్ కేసులో అన్నది. భార్యాభర్తలను ఒకేచోట ఉంచాలన్న మార్గదర్శకాలు సైతం హక్కు కాజాలవని 1993లో అబ్బాస్ కేసులో తేల్చింది. పిల్లల చదువు, ముసలివాళ్ల వైద్యం పై అధికారికి విన్నవించుకోదగిన కష్టాలే; కోర్టులో వాటికి అంత బలం లేదు. సి.బి.ఐ. నుంచి సరిహద్దు భద్రతా దళానికి తనను మార్చడంపై పోరాడిన ఎన్.కె.సింగ్ అంతటి పోలీసు అధికారికే 1994లో చుక్కెదురైంది.

అయితే గెలిచినవారూ ఉన్నారు. ఆకాశరామన్న ఉత్తరాన్ని పట్టుకొని, శిక్షకు మారుగా చేసిన బదిలీ చెల్లదని 2008లో సోమేశ్ తివారీ కేసులో తీర్పు వచ్చింది. కేరళ పోలీసు అధిపతి సెన్‌కుమార్‌ను 2016లో ఆ పదవినుంచి తప్పిస్తే, 2017 ఏప్రిల్ 24న సుప్రీంకోర్టు తిరిగి అదే కుర్చీలో కూర్చోబెట్టమన్నది. ఆయన రిటైరయింది జూన్ 30న. మిగిలిన సర్వీసు స్వల్పమే అయినా మాట దక్కింది.

దాని వెనుక ఉన్నది 2006 సెప్టెంబరు 22నాటి ప్రకాశ్ సింగ్ తీర్పు. జిల్లా ఎస్.పి.కి, స్టేషన్ హౌస్ ఆఫీసరుకు కనీసం రెండేళ్లు ఒకచోట ఉండే వీలు కల్పించాలని, డి.ఎస్.పి., అంతకు దిగువవారి బదిలీలను పోలీసు ఎస్టాబ్లిష్‌మెంట్ బోర్డు నిర్ణయించాలని అందులో చెప్పారు. 1996లో ఆ కేసు వేసిన ప్రకాశ్ సింగ్ అప్పటికే మనలాగే రిటైరైనవారు! తనకు రావలసినది ఏమీ లేకపోయినా, వెనుక వచ్చేవారికోసం పదేళ్లు నిరీక్షించారు.

ఇక మన రాష్ట్రంలో 2019 మార్చిలో ఒక వింత జరిగింది. ఎన్నికల సంఘం ఇంటెలిజెన్స్ అధిపతిని, ఇద్దరు ఎస్.పి.లను బదిలీ చేస్తే, ఏటా వేలమందిని బదిలీ చేసే ప్రభుత్వమే హైకోర్టు మెట్లెక్కింది. హైకోర్టు జోక్యానికి నిరాకరించింది.

ఇప్పుడు అసలు మాట. ఒక కానిస్టేబులు, పేరెందుకు, స్టే తప్పక వస్తుందని నమ్మి కొత్త స్టేషనులో చేరక ఇంటివద్దనే ఉండిపోయాడు. స్టే రాలేదు. ఆ నెలలన్నీ గైరుహాజరుగా సర్వీసు రిజిస్టరుకు ఎక్కినవి. పెన్షను కాగితాలు తయారుచేసేనాడు ఆ కాలం లెక్కకు రాలేదు. ఆయన భార్య వచ్చి మా బల్ల ముందు నిలబడితే, రిజిస్టరు తిప్పి చూపించడం తప్ప మావల్ల ఏమీ కాలేదు. ఆర్డరు రద్దో, మార్పో, నిలుపుదలో జరగకపోతే పాటించి తీరవలసిందేనని 1989లోనే గుజరాత్ విద్యుత్ బోర్డు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ ఉద్యోగి చేరక ఉద్యోగమే పోగొట్టుకున్నాడు.

కనుక పిల్లలకు ఇలా చెప్పండి. ఆర్డరు రాగానే తేదీ వేసి తీసుకోండి. రిలీవు కాకముందే అర్జీ పెట్టి, అందినట్లు ముద్ర వేయించుకోండి. నిబంధన తప్పినట్లో, కక్ష ఉన్నట్లో కాగితం మీద రుజువుంటే ఆలస్యం చేయక వకీలును కలవండి. మన రోజుల్లోని అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ ఇప్పుడు లేదు, హైకోర్టుకే పోవాలి. స్టే చేతికి రాకపోతే మాత్రం వెళ్లి చేరండి. చేరి కూడా కేసు నడుపుకోవచ్చును.

పెట్టె సర్దుకోవడం రెండురోజుల కష్టం. తెగిపోయిన సర్వీసు మనతోపాటు, మన తరువాత ఫ్యామిలీ పెన్షను తీసుకునే ఇల్లాలికి కూడా కష్టమే. అర్జీ రాయడం తెలియని కుర్ర కానిస్టేబులు మీ వీధిలో ఉంటే పిలిచి రాసిపెట్టండి. మనకు ఆ చేయి ఇంకా తిరుగుతూనే ఉన్నది.