గడప లోపలికి కెమెరా

(రుషికొండలో జరిగిన మహిళా కార్యకర్తల శిక్షణా శిబిరంలో చేసిన ప్రసంగ పాఠం)



సినిమా గురించి మాట్లాడమన్నారు. నేను చెప్పబోయేది దీపా ధన్‌రాజ్ తీసిన సినిమాల గురించి. ఆమె హైదరాబాదులో పుట్టారు. 1980లో మిత్రులతో కలిసి బెంగుళూరులో 'యుగాంతర్' అనే బృందాన్ని పెట్టుకున్నారు. 1981లో పూనాలో ఇళ్లల్లో పాచిపని చేసే స్త్రీల మీద, 1982లో నిపాణి పొగాకు కార్మిక స్త్రీల మీద సినిమాలు తీశారు. అంట్లు తోమడం, బట్టలు ఉతకడం, నెల జీతం కోసం బతిమాలుకోవడం. మన ఇళ్లల్లో రోజూ జరిగేవే. అవి తెర మీదికి ఎక్కుతాయని అప్పట్లో ఎవరూ అనుకోలేదు.

మనకు బాగా దగ్గరిది 1983 నాటి 'ఇది కథ మాత్రమేనా'. తెలుగు సినిమా. హైదరాబాదులోని స్త్రీ శక్తి సంఘటనతో కలిసి తీశారు. అందులో చూపించిన హింస కొట్టడంతో మొదలై కొట్టడంతో అయిపోయేది కాదు. మాటలు, నిర్లక్ష్యం, ఇంట్లో ఒంటరితనం, వీటితో ఒక మధ్యతరగతి భార్య కుంగిపోతుంది. ఒక స్నేహితురాలి తోడు ఆమెను నిలబెడుతుంది.

అదే 1983లో 498-ఎ సెక్షన్ వచ్చింది. సెక్షన్‌లో మానసిక హింసను కూడా చేర్చారు. కానీ ఫిర్యాదు చేయబోతే దెబ్బలు చూపించమనే అడుగుతారని కేసులు చూసేవాళ్లందరికీ తెలుసు. మాటలతో పెట్టే హింసను గృహహింస చట్టం విడిగా పేర్కొన్నది 2005లో. అంటే ఆ స్త్రీలు చట్టం కంటే ఇరవై రెండేళ్ల ముందే దానికి రూపం ఇచ్చారు.

కల్పించి నటింపజేస్తే అది డాక్యుమెంటరీ ఎలా అవుతుందని కొందరు వాదిస్తారు. నాకు ఆ వాదన నచ్చదు. నిజమైన భార్యను కెమెరా ముందు కూర్చోబెట్టి ఏడిపిస్తే, సాయంత్రానికి ఆమె మళ్లీ ఆ ఇంటికే కదా వెళ్లాలి!

ఇక మన సంగతి. ఈ రుషికొండ బీచికి 2020లో బ్లూ ఫ్లాగ్ గుర్తింపు వచ్చింది. ఇసుకలో ఎటు చూసినా ఫోన్లే. అలలనూ కొండనూ తీస్తారు. చేపల గంప ఎత్తుకుని ఆటోవాడితో బేరమాడే జాలారి స్త్రీ ఎవరి ఫోన్‌లోనూ ఉండదు. ఉన్నా, అందమైన బొమ్మగానే ఉంటుంది. రోజుకు ఎంత మిగులుతుందో, గంప దించుకునే చోటు ఉందో లేదో ఆ బొమ్మ చెప్పదు.

మనం మాత్రం ఏం తక్కువ? నిధులిచ్చే సంస్థకు రిపోర్టు పంపాలని బాధితురాలి వీడియో తీసేస్తున్నాం. సంతకం తీసుకున్నాం కదా అంటాం. ఆశ్రయం కోసం వచ్చిన మనిషి కాగితం మీద వేలిముద్ర వేయనంటుందా? అత్యాచార కేసుల్లో పేరు బయటపెట్టడం 1983 నుంచీ నేరమే. మిగతా కేసుల్లో అలాంటి అడ్డు లేదని మనం చొరవ తీసుకోకూడదు. తీసినది ముందు ఆమెకే చూపించండి. వద్దంటే అక్కడికక్కడే చెరిపేయండి, రిపోర్టు ఆగినా సరే.

భోజనాలయ్యాక 'ఇది కథ మాత్రమేనా' వేస్తాం. జాలారిపేట నుంచి వచ్చిన అక్కలు ముందు వరుసలో కూర్చోండి. చర్చ కూడా మీతోనే మొదలుపెడదాం.