గ్రంథస్వామ్యము - పాఠకుని పక్షము

రాజకీయ పక్షమునకు పేరు పెట్టవలసి వచ్చినపుడు ఎవరైనను శుభమైన మాటనే వెదకుదురు. 2006 జనవరి 1వ తేదీన స్వీడను దేశంలో రిక్ ఫాల్క్‌వింగె స్థాపించిన పక్షము మాత్రము ఒక తిట్టునే పేరుగా ధరించినది. పైరేట్ పార్టీ, అనగా ఓడదొంగల పక్షము. పుస్తకాలను, పాటలను, చలనచిత్రాలను అనుమతి లేక నకలు తీయువారిని వ్యాపారులు ఓడదొంగలని నిందించుట పరిపాటి. ఆ నిందనే వీరు తమ జెండాపై వేసికొన్నారు.

భీమ్‌గల్‌లోనో బోధన్‌లోనో కూర్చుండి వినుచున్న శ్రోతలకు ఈ దూరదేశపు ముచ్చటతో ఏమి పని అని తోచవచ్చును. పని ఉన్నదనియే మా మనవి.

వారి కోర్కెలలో ముఖ్యమైనవి రెండు. కాపీరైటు గడువును తగ్గించవలెను. లాభాపేక్ష లేక ఒకరికొకరు ఇచ్చిపుచ్చుకొను ప్రతిని నేరముగా చూడరాదు. ఇంటర్నెట్టులో మనుష్యుల ఉత్తర ప్రత్యుత్తరాలపై నిఘా కూడదనునది వీనికి తోడు. 2009లో ఐరోపా పార్లమెంటు ఎన్నికలలో స్వీడను ఓటర్లు ఈ పక్షమునకు నూటికి ఏడు ఓట్లకు మించి ఇచ్చినారు. మరుసటి ఏడు స్వదేశపు ఎన్నికలలో నూటికి ఒక్క ఓటైనను రాలేదు. 2011లో బెర్లిను శాసనసభలో ఈ పేరిటి జర్మను పక్షమునకు 15 స్థానాలు లభించినవి. 2016లో ఐస్లాండులో 63 స్థానాలకు 10 వచ్చినవి. ఏటి పొంగువలె వచ్చి, తీసిపోయిన బలమిది. అయినను ఆ చిన్న పక్షము అడిగిన ప్రశ్న మాత్రము తీసిపోలేదు: రచయిత గతించిన పిమ్మట ఆయన పుస్తకముపై తాళము ఎంతకాలము ఉండవలెను?

మన కాపీరైటు చట్టము 1957 నాటిది. రచయిత మరణించిన పిదప యాబది సంవత్సరాల వరకు హక్కు నిలుచునని అందు మొదట ఉండెను. రవీంద్రనాథ ఠాకూరు 1941లో మరణించినారు గనుక 1991 చివర ఆయన రచనల గడువు తీరవలసి వచ్చినది. అప్పుడు ప్రభుత్వము చట్టాన్ని సవరించి, యాబదిని అరువది చేసినది. విశ్వకవి ఒక్కరి నిమిత్తము కదిలిన ఆ సవరణ దేశంలోని రచయితలందరికిని అన్వయించినది. ఈ జిల్లాకు అది ఎట్లు అన్వయించినదో చూడుడు.

నిజాం పాలన కడపటి దినాలలో నిజామాబాదు ఖిల్లా జైలులో ఇద్దరు తెలుగు రచయితలు కలిసి ఖైదులో ఉండిరి. ఒకరు దాశరథి కృష్ణమాచార్యులు, మరొకరు వట్టికోట ఆళ్వారుస్వామి. కాగితము దొరకని చోట దాశరథి బొగ్గుతో గోడపై పద్యాలు వ్రాసినారు. 1949లో అచ్చైన అగ్నిధారను ఆయన ఆ ఖైదు మిత్రునికే అంకితమిచ్చినారు. ఆళ్వారుస్వామి 1961లో గతించినారు గనుక, జీవితకాలంలో ఆయన ప్రకటించిన రచనలు 2022 జనవరి 1 నుండి ప్రజల సొత్తు. దాశరథి 1987లో మరణించినారు. ఆయన రచనలపై హక్కు 2047 చివరి వరకు ఉండును. ఒకే గోడల నడుమ ఉన్న ఇద్దరిలో ఒకరికి విడుదల అయినది, మరొకరికి ఇంకను కాలేదు! గోడపై వ్రాసినవాడు అనుమతి చీటి అడిగి చదువుమనలేదు గదా.

అయితే రచయిత కుటుంబము మాట ఏమి? ఈ ప్రశ్నను తేలికగా త్రోసివేయరాదు. 1938లో దేశోద్ధారక గ్రంథమాలను స్థాపించిన ఆళ్వారుస్వామి పుస్తకాలను తానే మోసికొని ఊరూర తిరిగి అమ్మినారు. పుస్తకము అమ్ముడుపోని దినము రచయితకు ఏమి తెచ్చునో ఆయనకు తెలిసినట్లు మరొకరికి తెలియదు. జీవించియున్న రచయిత హక్కును, ఆయన వెనుకటి పిల్లల హక్కును మేము కాదనము. ఓడదొంగల పక్షమువారు తొలుత కోరిన అయిదేండ్ల గడువు మాకు మరీ కురచగా తోచుచున్నది. కాని మనుమల కాలము వరకు సాగు హక్కు వలన ఎన్ని కుటుంబాలకు అన్నము దొరకును? అచ్చులో ఉండి అమ్ముడుపోవు కొలది గ్రంథాలకే ఆ లాభము. అచ్చు నిలిచిపోయిన తక్కినవి ఎవరికిని పైసా ఇయ్యక, ఎవరికిని చదువ దొరకక బీరువాలలో చెదలకు ఆహారమగుచున్నవి.

ఇట్టి పుస్తకమును తిరిగి ప్రచురించుటకు హక్కుదారు నిరాకరించినచో, న్యాయస్థానము ద్వారా అనుమతి పొందు దారి చట్టము 31వ సెక్షనులో ఉన్నది. కాని ఒక పల్లె పఠనాలయము నూరు పుటల పుస్తకము కొరకు వకీలును పెట్టుకొనునా?

చట్టానికి దయ లేదనుట కూడ సరికాదు. పెండ్లి ఊరేగింపులో బాజాలవారు సినిమా పాట వాయించిన అపరాధము కాదని 52వ సెక్షను వివరణ చెప్పుచున్నది. లింబాద్రి గుట్ట ఉత్సవంలో జరుగు భజనకును భయము లేదు. 2012 సవరణ అంధులకు, ఇతర వికలాంగులకు చదువ వీలగు రూపంలో పుస్తకాలను సిద్ధము చేయుటకు వీలు కల్పించినది. ఇందుకై ఏర్పడిన మర్రకేషు అంతర్జాతీయ ఒడంబడికను 2014 జూనులో అన్ని దేశాలకన్న ముందుగా ధ్రువపరచినది మన దేశమే. పెండ్లివారికి, భక్తులకు, అంధులకు తెరచిన తలుపు అచ్చు నిలిచిపోయిన పుస్తకము కొరకు వెదకు పాఠకునికి కూడ తెరువరాదా? హక్కుదారు పలుమార్లు అడిగినను పలుకనిచో, కొంత రుసుము చెల్లించి గ్రంథాలయమే ప్రతులు తీసికొను సులభ పద్ధతి ఒకటి ఉండవలెనని మా అభిప్రాయము. దానికై కొత్త పక్షము పుట్టనక్కర లేదు. ఉన్న పక్షాలవారిని ఓటు అడుగ వచ్చినపుడు అడిగిన చాలును.

ఈ లోపల ఆళ్వారుస్వామి పుస్తకాలకు ఎవరి అనుమతియు అక్కరలేదు. భీమ్‌గల్ యువకులెవరైనను వానిని అచ్చు వేయింపవచ్చును, చదివి శబ్దరూపంలో పదిలపరుపవచ్చును, తెలుగు వికీసోర్సులో చేర్పవచ్చును. కావలసినది పుటలు చిరుగని ఒక పాత ప్రతి.