కేయికోని ఎవరు బాగుచేయాలి?

ఇవాళ జపాన్ రచయిత్రి సయాకా మురాతా గురించి మాట్లాడుకుందాం. 1979లో పుట్టారు. 2016లో ఆవిడ రాసిన ఒక చిన్న నవలకి అకుతగావా ప్రైజ్ వచ్చింది, అక్కడ చాలా పెద్ద సాహిత్య బహుమతి అది. ఇంగ్లిష్‌లో 2018లో 'కన్వీనియెన్స్ స్టోర్ ఉమన్' పేరుతో వచ్చింది. ప్రైజ్ వచ్చేటప్పటికి ఆవిడ నిజంగానే అలాంటి ఒక షాపులో పార్ట్‌టైమ్ చేస్తున్నారు. రాత్రంతా తెరిచుండే చిన్న సూపర్ మార్కెట్ అనుకోండి.

కథలో కేయికోకి 36 ఏళ్లు. 18 ఏళ్లుగా అదే షాపు. చిన్నప్పుడు పార్కులో ఒక పిట్ట చచ్చిపడి ఉంటే పిల్లలంతా ఏడుస్తుంటారు. ఈ పాప దాన్ని చేతిలో పెట్టుకుని అమ్మ దగ్గరికెళ్లి, కాల్చుకుని తిందాం, నాన్నకి ఇష్టం కదా అంటుంది. కోడినైతే తింటాం కదా, మరి దీన్నెందుకు పాతిపెట్టడం? ఆ లాజిక్‌లో బగ్ నాకైతే దొరకలేదు. కానీ అందరూ కంగారుపడటం చూసి, మెల్లగా నోరు తెరవడమే మానేస్తుంది.

షాపులో ఎలా నవ్వాలి, ఎలా పలకరించాలి, అన్నీ నేర్పిస్తారు. తనకి ప్రాణం లేచొచ్చినట్టవుతుంది. మిగతాదంతా తోటివాళ్లని చూసి కాపీ. వాళ్ల మాట తీరు, వాళ్ల బట్టల బ్రాండ్లు కూడా. దీన్నే ఇప్పుడు మాస్కింగ్ అంటున్నారు. ఆటిజం ఉన్న ఆడపిల్లల్లో చాలామందికి ఆ సంగతి ఆలస్యంగా తెలియడానికి ఇదీ ఒక కారణం. నవలలో మాత్రం మురాతా ఆ పేరే పెట్టలేదు. మనం కేయికో బుర్రలో కూర్చుని చూస్తాం కాబట్టి, పెళ్లెప్పుడు, ఇంకా ఈ ఉద్యోగమేనా అని అడిగేవాళ్లే వింతగా కనిపిస్తారు. మన ఫంక్షన్ హాల్ ఆంటీలు అక్కడా ఉన్నారన్నమాట.

చాలాచోట్ల నవ్వుకుంటూ చదివా. సగంలో నా పాత టీమ్‌లో ఒకమ్మాయి గుర్తొచ్చింది. టెస్టింగ్‌లో ఉండేది. తనకేదో ఉందని నేను పేరు పెట్టట్లేదు, అది నా పని కాదు. ఒకసారి క్లయింట్ కాల్‌లో "ఇంకేమైనా ఉందా?" అంటే ఉన్న బగ్స్ అన్నీ వరసగా చదివేసింది. అందరం తలలు పట్టుకున్నాం. లీడ్‌ని నేనే, రివ్యూలో రాశా: పని బాగుంది, అందరితో కలవడం నేర్చుకోవాలి.

నేర్చుకుంది. మేం జోకేస్తే ఒక సెకను ఆగి నవ్వేది. నా ఊతపదం "అదే కదా" తనూ అనడం మొదలుపెట్టింది. తర్వాతి రివ్యూలో మెరుగుపడింది అని రాశా. బగ్స్ మాత్రం అడిగితేనే చెప్పేది.

పుస్తకం పంపుదామనుకుని ఆగిపోయా, ఇది నీ కథే అన్నట్టు ఉంటుందేమోనని. మొన్న మెసేజ్ మాత్రం పెట్టా, ఆ మొదటి రివ్యూలో నేను రాసింది తప్పు అని. ఇంకా బ్లూ టిక్ పడలేదు. సరే అండీ, చిన్న పుస్తకమే, ఒక ఆదివారంలో అయిపోతుంది. ఉంటాను.