నిజాం కోరిన తటస్థత

సెప్టెంబర్ 17 వస్తోందంటే 1948లో హైదరాబాద్‌పై జరిగిన పోలీసు చర్య గురించి ఎటూ వింటారు. ఆ ఐదు రోజుల కథ ఇల్లందు పెద్దలందరికీ తెలిసిందే కనుక, అంతకు ఏడాది ముందు నడిచిన ఒక బేరం గురించి చెబుతాను. నిజాం పాకిస్తాన్‌లో చేరాలనుకున్నాడని చాలామంది నమ్మకం. 1947 ఆగస్టులో ఆయన మౌంట్‌బాటెన్ ముందు పెట్టిన షరతు మాత్రం వేరు: భారత్, పాకిస్తాన్ యుద్ధానికి దిగితే హైదరాబాద్ ఎవరి పక్షమూ చేరదు. ఆ షరతు నిలిచేది కాదని నా అభిప్రాయం. తటస్థంగా ఉంటానంటే చాలదు, అందుకు బలమూ ఉండాలి, తగిన నడతా ఉండాలి.

బలం సంగతి హైదరాబాద్‌కు పాత పాఠమే. సరోజినీ రేగాని పరిశోధించిన నిజాం–బ్రిటిష్ సంబంధాల చరిత్రలో నాకు అన్నిటికంటే ఆసక్తి కలిగించేది 1795 నాటి ఖర్దా యుద్ధం. మరాఠాలు మీదికొస్తే, గవర్నర్ జనరల్ సర్ జాన్ షోర్ మేం తటస్థులమంటూ పక్కకు తప్పుకున్నాడు. నిజాం అలీఖాన్ జీతాలిస్తున్న రెండు కంపెనీ పటాలాలు కూడా ఆయన తరఫున పోరాడలేదు. ఓడిన నిజాం దౌలతాబాద్ కోటను వదులుకుని, ప్రధానమంత్రినే మరాఠాలకు బందీగా అప్పగించాల్సి వచ్చింది. ఆ కసితో ఫ్రెంచి సేనాని రేమండ్ దళాన్ని పెంచాడు. 1798లో కొత్త గవర్నర్ జనరల్ వెల్లస్లీ ఆ దళాన్ని రద్దు చేయించి, సైన్యసహకార ఒప్పందంలోకి లాగాడు. విదేశీ వ్యవహారాలు అప్పటి నుంచే చేజారసాగాయి.

హైదరాబాద్‌లాగే స్విట్జర్లాండ్‌కూ సముద్రం లేదు, అది నిలవలేదా అనవచ్చు. దాని తటస్థతను 1815లోనే పెద్ద రాజ్యాలు సంతకాలు పెట్టి ఒప్పుకున్నాయి. అయినా రెండో ప్రపంచ యుద్ధంలో చాలావరకు జర్మనీ బొగ్గు మీదే బతకాల్సి వచ్చింది. నిజాంకు బొగ్గుకు కొదవ లేదు. 1871లో విలియం కింగ్ కనిపెట్టిన మన ఇల్లందు బొగ్గు ఉండనే ఉంది. లేనిది దారి. డోర్నకల్ నుంచి బెజవాడకు పోయే రైలు సరిహద్దు దాటితే భారత భూభాగమే. భద్రాచలం ఒడ్డు 1860లోనే బ్రిటిష్ వారికి పోయింది. ఇక నడత చూడండి: కశ్మీర్‌లో పోరు సాగుతుండగా, భారత్‌తో యథాతథ ఒడంబడిక అమల్లో ఉండగా, పాకిస్తాన్‌కు 20 కోట్ల రూపాయల అప్పు! స్వతంత్ర రాజ్యం ఎవరికైనా అప్పివ్వవచ్చు, నిజమే. పోరాడే ఇద్దరిలో ఒకరికే ఇస్తే తటస్థుడని రెండోవాడు ఎలా నమ్ముతాడు? వేళ మించుతోంది, భద్రతామండలి సంగతి క్లుప్తంగా: 1948 ఆగస్టులో భారత్‌పై హైదరాబాద్ ఫిర్యాదు, సెప్టెంబర్ 16న పారిస్‌లో చర్చ, 22న నిజాం ఉపసంహరణ. ఆయన షరతును మోసమని కొట్టిపారేయలేం. కానీ సైన్యం కదలకముందే దాని విలువను ఆ 20 కోట్లతో ఆయన ప్రభుత్వమే పోగొట్టుకుంది.