నలుగురి పాట, ఇద్దరి సంతకము

కుత్బుల్లాపూరు వైపు ఆషాఢములో బోనాలు, భాద్రపదములో వినాయక నిమజ్జనము, మాఘ ఫాల్గుణములలో పెండ్లిండ్లు. బ్యాండు మేళము లేనిదే వీనిలో ఏ ఊరేగింపును కదలదు. జీడిమెట్ల కర్మాగారములలో పగలు పనిచేసి, సాయంకాలము డోలు భుజమునకు తగిలించుకొను యువకులు కొందరు మాకు అక్కడ పరిచయమైనారు. ఒకనాటి రాత్రి పెండ్లి ఊరేగింపు ముగిసినపిమ్మట మేళము ముఖ్యుని ఒక చిన్న ప్రశ్న అడిగితిమి: వచ్చిన సొమ్మును మీలో మీరు ఎట్లు పంచుకొందురు? అతడు నవ్వి, "అన్నదమ్ముల లెక్క ఉంటం సార్. మాకు కాయితం ఎందుకు?" అన్నాడు. ప్రక్కన డోలు దించుచున్న పిల్లవాడు మాత్రము నవ్వలేదు.

నవ్వని ఆ ముఖమును చూచినపుడు మాకు ఇంగ్లండు దేశపు బృందమొకటి జ్ఞప్తికి వచ్చినది. దాని పేరు 'ది స్మిత్స్'. ఆ బృందము జీవించినది ఐదేండ్లు. దాని వాటాల తగవు మాత్రము అంతకు రెట్టింపు కాలము నడచినది.

మాంచెస్టరు అనగానే మన పెద్దలకు సంగీతము తోచదు, మిల్లు గుడ్డ తోచును. స్వదేశోద్యమ దినములలో మన వీథులలో కుప్పవోసి కాల్చిన సీమగుడ్డలకు ఆ నగరముతో సంబంధమున్నది. 1982 నాటికి ఆ మిల్లుల వైభవము గతించినది. ఆ సంవత్సరారంభముననే బ్రిటనులో నిరుద్యోగుల సంఖ్య 30 లక్షలు దాటినది. ఆ వేసవిలో జానీ మార్ అను 18 ఏండ్ల గిటారు వాద్యకుడు, తనకంటె నాలుగేండ్లు పెద్దవాడైన మారిస్సీ ఇంటి తలుపు తట్టినాడు. మారిస్సీకి ఉద్యోగము లేదు. గదిలో కూర్చుండి చదువుట, వ్రాయుట, ఇవియే అతని పనులు. ఒకడు వరుస కట్టుటకు, మరొకడు మాటలు కూర్చి పాడుటకు ఒప్పందమైనది. డ్రమ్ములకు మైక్ జాయిస్ వచ్చినాడు. కొలది కాలమునకు మార్ చిన్ననాటి స్నేహితుడు ఆండీ రూర్క్ బేసు గిటారు పట్టినాడు. స్మిత్ అనునది ఆ దేశమున మిక్కిలి సాధారణమైన ఇంటిపేరు. మన వైపు నలుగురు కుర్రవాళ్లు చేరి 'సుబ్బారావులు' అని పేరు పెట్టుకొన్నట్లు!

వారి తొలి పాట ముద్రణకు డబ్బు పెట్టినవాడు జో మాస్ అను దుస్తుల వర్తకుడు. ఆ రికార్డును 1983 మే నెలలో విడుదల చేసినది 'రఫ్ ట్రేడ్' అను చిన్న సంస్థ. అది 1976లో లండనులో రికార్డుల దుకాణముగా మొదలై, 1978లో తానే రికార్డులు వేయనారంభించినది. పెద్ద కంపెనీల అండలేక ఇట్టి చిన్న సంస్థల ద్వారా అంగడికి వచ్చు సంగీతమునకు 'ఇండీ' అని పేరు. స్వతంత్రమను అర్థముగల ఇంగ్లీషు మాటకు అది కుదింపు. ఆదిలో అది రాగము పేరు కాదు, బాణీ పేరును కాదు. సరుకు ఏ దారిని వచ్చినదో తెలుపు మాట మాత్రమే. పిదప ఒక విధమైన గిటారు సంగీతమునకే ఆ పేరు స్థిరపడిపోయినది.

ఈ బృందమును దేశమునకు ఎరుకపరచుటలో రేడియో పాత్ర చిన్నది కాదు. 1983 మే నెలలోనే బి.బి.సి.లో జాన్ పీల్ తన కార్యక్రమము కొరకు వీరిని స్టూడియోకు రప్పించి పాడించినాడు. అప్పటికి వారి పెద్ద రికార్డు ఒక్కటియు వెలువడలేదు. రేడియో కొరకు త్వరత్వరగా పాడిన ఆ పాటలలో పెక్కింటిని 1984 నవంబరులో 'హాట్‌ఫుల్ ఆఫ్ హాలో' అను సంపుటిగా వేసినారు. దీర్ఘకాలము స్టూడియోలో చెక్కిన తొలి సంపుటికంటె ఇదియే మేలన్న రసికులు నేటికిని ఉన్నారు. మేమును ఆ పక్షమువారమే. రేడియో ఉద్యోగులము గనుక ఇది పక్షపాతమని ఎవరైన అన్నచో కాదనము.

1984 మొదలు 1987 వరకు ఏటికొకటి చొప్పున నాలుగు సంపుటములు వెలువడినవి. రెండవది బ్రిటిషు జాబితాలో ప్రథమస్థానము నందుకొన్నది. దాని పేరునకు మాంసభక్షణము హత్యయే యని అర్థము. మూడవది 1986 నాటి 'ది క్వీన్ ఈజ్ డెడ్'. సంస్థతో వచ్చిన వివాదము వలన అది సిద్ధమై కూడ నెలల తరబడి నిలిచిపోయినది. మారిస్సీ పాటలలో వీరులు లేరు. బిడియస్థులు, ఒంటరులు, ఉద్యోగము దొరకనివారు, దొరికిన ఉద్యోగము రుచింపనివారు ఉందురు. మార్ గిటారు కచేరీలో స్వరకల్పనవలె మెరయవలెనని ఉబలాటపడదు. అనేక తంత్రుల సవ్వడులను పొరలు పొరలుగా పరచి గొంతునకు చోటిచ్చును. ఇక బేసు సంగతి. సామాన్యముగా బేసు గిటారు పని తాళమునకు క్రింద పునాదివలె ఉండుట. రూర్క్ వ్రేళ్లలో అది మరియొక గానముగా నడచును. పాట వినునపుడు గొంతును కాసేపు మరచి, మంద్రస్థాయిలో సాగు ఆ రెండవ పాటను వినవలసినదిగా శ్రోతలను కోరుచున్నాము. జాయిస్ డ్రమ్ములు దానిని విడువక వెంబడించును. ఆ పాటల నడకలో సగము ఆ ఇద్దరిదేయని మా అభిప్రాయము.

అయినను 1983లో రఫ్ ట్రేడ్ ఒప్పందముపై సంతకము చేసినవారు మారిస్సీ, మార్ ఇద్దరే. రచనకు, స్వరరచనకు రావలసిన రాయల్టీ ఆ ఇద్దరిదేయనుటలో ఎవరికిని ఆక్షేపణ లేదు. రికార్డుల వలన, కచేరీల వలన వచ్చు ఆదాయమును పంచుటలో చిక్కు వచ్చినది. నూటికి 40 వంతున ఆ ఇద్దరికి, 10 వంతున మిగిలిన ఇద్దరికి. అందరును ఇందుకు సమ్మతించినారని మొదటివారి వాదము. తాను ఎన్నడును సమ్మతింపలేదని జాయిస్ వాదము. వ్రాసికొన్న కాగితము లేదు.

1987 వేసవిలో మార్ అలసి తొలగిపోయినాడు. నిలకడగా వ్యవహారము చూచు మేనేజరు లేక ఆ భారము గూడ ఆ యువకుని మీదనే పడినది. పెద్ద కంపెనీయైన ఇ.ఎం.ఐ.తో ఒప్పందము కుదిరియు, దానికొక్క పాటయైన పాడకముందే బృందము విచ్ఛిన్నమైనది. నాలుగవ సంపుటి ఆ సెప్టెంబరులో, బృందము లేని బృందము పేరుమీద వెలువడినది.

జాయిస్ దావా 1996 డిసెంబరులో లండను హైకోర్టులో తీర్పునకు వచ్చినది. న్యాయమూర్తి ఆధారముగా గైకొన్నది 1890 నాటి భాగస్వామ్య చట్టము. భాగస్వాముల నడుమ వేరు ఒప్పందము రుజువు కానిచో లాభము సమభాగములని ఆ చట్టము చెప్పును. జాయిస్ కూలికి వాయించినవాడు కాడు, భాగస్వామియే. కావున అతని వంతు నాల్గవ భాగము. పాత బాకీ సుమారు 10 లక్షల పౌండ్లని అంచనా వేసినారు. మారిస్సీ అప్పీలును 1998లో కొట్టివేసినారు. మన దేశమున 1932 నాటి భాగస్వామ్య చట్టములోని 13వ సెక్షను చెప్పునదియు ఇదియే.

మన హైదరాబాదులోను సినిమా దారి కాక స్వంత దారిని పాడిన బృందములు ఉన్నవి. 'చౌరస్తా' బృందము 'ఊరెళ్ళిపోతా మామ' వంటి పాటలతో తెలుగు యువకులను ఆకట్టుకొన్నది. అందు పాడిన రామ్ మిరియాల గొంతు 2021లో 'జాతిరత్నాలు' చిత్రములోని 'చిట్టి' పాటతో ఇంటింట మ్రోగినది. సినిమాకు గొంతు కావలెను, పేరు కావలెను; వెనుక డ్రమ్ము వాయించు చేతులను శ్రోత అడుగడు. ఈ మాటకు మేమును జవాబుదారులమే. శాస్త్రీయ కచేరీకి వయొలిను ఎవరు, మృదంగమెవరు అని ఆద్యంతములందు ప్రకటింతుము. పాటకు వచ్చునప్పటికి రచయిత, స్వరకర్త, గాయకుల పేర్లతో సరిపుచ్చుకొందుము.

ఈ కథనంతయు ఆ రాత్రి కుత్బుల్లాపూరులో ఆ మేళమువారికి చెప్పితిమి. మేళము ముఖ్యుడు ఓపికగా విన్నాడు. డోలు పిల్లవాడు మధ్యలో అడ్డుపడి, "మరి ఆ బేసు ఆయనకు ఏమొచ్చింది సార్?" అన్నాడు.

రూర్క్‌కు 1989లో డబ్బు అవసరమైనది. 83 వేల పౌండ్లు, ఆపై యథాప్రకారము నూటికి 10 వంతు పుచ్చుకొని, ఇక ఏమియు కోరనని రాజీపత్రముపై సంతకము చేసినాడు. ఏడేండ్లకు వచ్చిన తీర్పు అతనికి వర్తింపలేదు. 2023 మే 19న క్యాన్సరుతో మరణించినాడు.

పిల్లవాడు డోలు త్రాళ్లు వదులుచేయుచు కొంతసేపు ఊరకున్నాడు. పిమ్మట, "ఎంతమంది ఉంటే అన్ని భాగాలా సార్, చట్టంల?" అని అడిగినాడు. భాగస్వామివైనచో అంతే, కూలికి వచ్చినవాడవైనచో కాదు, అన్నాము. "నేను ఏంది మరి?" అని వాడు ముఖ్యుని వైపు తిరిగినాడు. ముఖ్యుడు అప్పటికే ట్రంపెట్లను ఆటోలోనికి ఎక్కించుచుండెను.