సరకు ఎవరిది? బాకీ ఎవరిది?

(గ్రామ పంచాయతీ సభ్యుల నుద్దేశించిన ప్రసంగ పాఠము)



ఈ బొల్లారము సికింద్రాబాదు కంటోన్మెంటు ప్రాంతములోనిదే అయినను పల్లెలకు పరాయిది కాదు. శామీర్‌పేట దిక్కునుండి కరీంనగరు రహదారిమీద వచ్చు కూరగాయల బండ్లు ఈ దారినే బోయినపల్లి మార్కెట్‌యార్డుకు పోవుచుండును. సరకు అమ్ముడుపోయి పైకము చేతికి రానప్పుడు, ఆ తగవు ఊరికి తిరిగివచ్చి మీ ముందు నిలుచును. అప్పుడు "బాకీ ఎంత?" అని అడుగుటకు ముందు, "సరకు ఎవరి సొత్తుగా ఉండెను?" అని అడుగవలెనని మా మనవి.

ఒక రైతు ఇరువది పెట్టెల టమాటాలను అడ్తీదారునకు అప్పగించెననుకొందము. అడ్తీదారు వానిని ఒక ఖరీదుదారునకు అరువుపై ఇచ్చెను. ఆ ఖరీదుదారు దుకాణము మూసి పోయెను. "నేను మధ్యవర్తిని మాత్రమే" అని అడ్తీదారు, "నేను నీకే ఇచ్చితిని" అని రైతు వాదింతురు. ఎవరి మాట నిలుచును?

అడ్తీదారు ధర తెగగొట్టి తానే కొనియుండినచో అది అమ్మకము. సరకు అతని సొత్తయినది. అతడు రైతునకు ధర బాకీపడిన ఋణస్థుడు. తనవద్ద కొన్నవాడు ఎగవేసినను అతని బాకీ తీరదు. రైతు పక్షమున అమ్మిపెట్టుటకు మాత్రమే తీసికొనియుండినచో అది ఏజెన్సీ. అమ్ముడుపోవు వరకు సరకు రైతుదే. వచ్చిన సొమ్ములో కమీషను, న్యాయమైన ఖర్చులు మినహాయించి, మిగిలినది లెక్కతోసహా రైతునకు అప్పగింపవలెను. ఖరీదుదారు ఎగవేత నష్టము సామాన్యముగా రైతుపై పడును. అయితే అడ్తీదారు పూచీపడియున్నను, అనుమతి లేక అరువిచ్చినను, కొనువాని స్థితిగతులు విచారింపక అరువిచ్చినను, ఆ నష్టమునకు అతడే బాధ్యుడు. 1872 నాటి భారత కాంట్రాక్టు చట్టము ఏజెంటుపై ఇట్టి బాధ్యతను ఉంచినది. అడిగినప్పుడు లెక్క చూపుటయు అతని విధియే.

రాజమహేంద్రవరము వాణిజ్యపన్నుల అధికారికిని, శ్రీ తిరుమల వెంకటేశ్వర టింబర్ అండ్ బాంబూ ఫర్ముకును నడచిన పన్ను వివాదములో సుప్రీంకోర్టు ఈ భేదమును స్పష్టపరచెను. ఆ తీర్పు 1968 నాటి సంపుటములలో అచ్చయినది. కాగితముపై "ఏజెంటు" అని వ్రాసికొన్నంతమాత్రమున ఏజెన్సీ కాదనియు, ఒప్పందపు షరతులను, దాని స్వభావమును చూచి నిర్ణయింపవలెననియు దాని సారాంశము.

కావున మీరు నాలుగు ప్రశ్నలు వేయుడు. ధర ముందే తెగినదా? అమ్ముడుపోని సరకు రైతునకు తిరిగివచ్చునా? కుళ్ళిన సరకు నష్టము ఎవరిది? ధర పెరిగిన లాభము ఎవరిది, అడ్తీదారునకు కమీషను మాత్రమేనా? ఈ జవాబులన్నియు ఒక్కవైపే మొగ్గినచో నిజము తెలియును.

గడువు విషయమునను భేదమున్నది. 1963 నాటి కాలపరిమితి చట్టము ప్రకారము రెంటికిని మూడేండ్లే. కాని అరువు గడువు పెట్టని అమ్మకములో సరకు అప్పగించిన నాటినుండియు, గడువు పెట్టినచో అది తీరిన నాటినుండియు లెక్కింతురు. ఏజెంటు లెక్కచెప్పని సరకు విషయములో, ఏజెన్సీ నడచుచుండగా లెక్క అడిగి నిరాకరింపబడిన నాటినుండి, అట్లు అడుగనిచో ఏజెన్సీ ముగిసిన నాటినుండి లెక్కింతురు. ఈ తేదీలు తెలియక న్యాయమైన బాకీని పోగొట్టుకొనరాదు.

మీరు న్యాయస్థానము కారు. తీర్పు చెప్పుట మీ పని కాదు. అయినను రైతును ముందుగా హెచ్చరింపగలరు. తక్‌పట్టీ లేనిదే సరకు వదలవద్దని చెప్పుడు. అందులో తేదీ, తూకము, ధర, కొన్నవాని పేరు, అరువునకు పూచీ ఎవరిదన్న మాట ఉండవలెను. విత్తనములకు తెచ్చిన అప్పును వేరు పద్దుగా వ్రాయించుడు. పైకము ఆలస్యమైనచో లెక్క చూపుమని వ్రాతపూర్వకముగా అడిగించి, నకలు దాచియుంచుడు. ఈ కాగితములు చేతనుండిన రైతు, తగవు ఎచ్చటికి పోయినను తన సొమ్మును నిరూపించుకొనగలడు.